కడాయవ్వ గడియారం

పోయిన ఆదివారం మా ఇంట్లో పప్పు పలుకుగా మిగిలిపోయింది. తప్పు నాదే. మనవరాలు వంటింటి గట్టు మీద కూర్చుని, మర్నాటి పరీక్షకు ఇంగ్లీషు క్రియల మూడు రూపాలు వల్లిస్తోంది. నేను కుక్కర్ ముందు నిలబడి ఉన్నాను. అది ఫోన్‌లో చూసుకుంటూ వరసగా చదువుకుంటూ పోయి, చివర్న “రైట్, రోట్, రిటెన్” అంది. నా చెయ్యి దానంతటదే పోయి పొయ్యి కట్టేసింది. అప్పటికి ఒక్క విజిలే వచ్చిందట.

“గింత పలుకుగున్నది, గప్పుడే ఎందుకు బంద్ చేసినవమ్మా?” అని మా బిడ్డ తినేటప్పుడు అడిగింది.

“చదువు అయిపోయింది గదా” అన్నాను.

తల్లీకూతుళ్ళిద్దరూ నన్ను వింతగా చూశారు. వయసు మీద పడుతోందని అనుకుని ఉంటారు. నాకు మాత్రం ముద్ద చేతిలోనే ఉండిపోయింది. ఎన్నో ఏళ్ళుగా నేను తొక్కిపెట్టి ఉంచిన ఒక మధ్యాహ్నం, నాకంటే నా చేతికి బాగా గుర్తుందని తెలిసి నిర్ఘాంతపోయాను.

ఇది ఎవరికీ చెప్పలేదు. ఇప్పుడు చెప్తాను.

చలి తగ్గి ఎండ చుర్రుమనే రోజులు వచ్చాయంటే మా ఆర్మూరులో పసుపు అంటని వస్తువు ఉండేది కాదు. బర్రెల కాళ్ళు పసుపు, మోరీలో పారే నీళ్ళు పసుపు, మా నోటుబుక్కుల అంచులు పసుపు. చేలల్లో తవ్విన కొమ్ముల్ని బండ్ల మీద తెచ్చి వాకిళ్ళలో కుప్ప పోసేవారు. పెద్ద వాకిలి ఉన్న ప్రతి ఇంట్లో ఒక పొయ్యి, దాని మీద ఇద్దరు మనుషులు చేతులు చాచితే గానీ అందనంత కడాయి. ఎండిన పసుపాకు పొయ్యిలోకి, పచ్చి ఆకు కడాయి మీద కప్పడానికి, దాని మీద తడిపిన గోనెసంచులు. కాసేపటికి ఆవిరి లేచేది. తడిమట్టికీ పచ్చి మందుకీ మధ్య ఏదో వాసన. పొద్దున మక్క గడక తిన్నా అదే వాసన, తలకు నూనె రాసుకున్నా అదే వాసన, బడిలో పుస్తకం తెరిచినా అదే. పొగ సిద్దుల గుట్ట నల్లరాళ్ళ దాకా పోయి అక్కడే తిరుగుతూ ఉండేది.

పసుపు ఉడికించడం దూరం నుంచి చూసేవాళ్ళకు తేలికే. నీళ్ళు, మంట, ఇంతే గదా అనిపిస్తుంది. కానీ తక్కువ ఉడికితే కొమ్ము లోపల పచ్చిగా ఉండిపోతుంది, ఎండాక తెల్లగా తేలుతుంది, పురుగు పడుతుంది. ఎక్కువ ఉడికితే మెత్తబడి రంగు పోతుంది. ఏడాదంతా పడ్డ కష్టం ఆ గంట సేపట్లో తేలిపోతుంది. అందుకే కడాయి ఎప్పుడు దించాలో చెప్పడానికి తెలిసిన మనిషి ఒకరు ఉండాలి. మా వైపు ఆ మనిషి కడాయవ్వ.

ఆమెకు అసలు పేరు ఉండే ఉంటుంది, నేనెప్పుడూ అడగలేదు. సన్నటి మనిషి, నెత్తిన కొంగు, చేతులకు పసుపు ఎంత పట్టిందంటే గోళ్ళ రంగు తెలిసేది కాదు. కడాయికి కొంచెం దూరంగా, ఆవిరి వచ్చే వైపున ఒక రాయి వేసుకుని కూర్చునేది. మూత తీయదు, పుల్ల గుచ్చి చూడదు. ముక్కుకు ఆ వాసన తగలాలి, అంతే.

“ఇగ దించుండ్రి” అనేది.

ఆ మాట వినగానే మగవాళ్ళు నలుగురు లేచి ఉరికేవారు. దించిన పసుపు ఒక్కసారి కూడా తప్పు పోయేది కాదు. మా బాపు పెళ్ళైన ఏడు కూడా మా పంట ఆమే ఉడికించిందట. “గా ముసలామె ముక్కు ముందల నా చేతి గడియారం దండుగ” అనేవాడు బాపు.

కడాయవ్వ మనవరాలు, నేను ఏడో తరగతిలో ఒకే బెంచీ. దాని తండ్రి దుబాయి పోయి ఉత్తరం రాయడం మానేశాడు. తల్లి ఇంట్లో బీడీలు చుట్టేది. మా వాడల్లో ఆడపిల్లకు కాస్త వేళ్ళు కుదిరాయంటే చాలు, ఒడిలో చాట, చాటలో తంబాకు, పక్కన తునికాకుల కట్ట పెట్టి కూర్చోబెట్టేసేవారు. నా దోస్తుకు మాత్రం అవ్వ అడ్డం పడింది. ఈ పసుపు కాలంలో తను సంపాదించేది దాని చదువుకని, పిల్లను చాట ముందు కూర్చోబెట్టవద్దని కోడలితో ఖరాఖండిగా చెప్పిందట.

ఆ ఏడు మా బడికి కొత్తగా ఇంగ్లీషు సారు వచ్చాడు. బాల్కొండ నుంచి రోజూ బస్సులో వచ్చేవాడు, బస్సు రాకపోతే లారీ ఎక్కి వచ్చేవాడు. ఆయనకు క్రియలంటే పిచ్చి. అందులోనూ తిన్నగా ఉండే క్రియలంటే లెక్కలేదు, చివర ఒక ముక్క తగిలించుకుని భూతకాలంలోకి పోయేవాటితో పేచీ లేదనేవాడు. పేచీ అంతా మాట వినని క్రియలతోనే. అవన్నీ ఏరి, ‘అరైజ్’ దగ్గర మొదలుపెట్టి ‘రైట్’ దగ్గర ఆపి ఒక పట్టిక రాయించాడు. ఒక్కో క్రియకు మూడు రూపాలు, తెలుగులో అర్థం, మన ఇంటి పనిలోంచి ఒక వాక్యం. అవన్నీ తప్పకుండా చెప్పాలి. చేతికర్రతో బల్ల మీద కొడుతూ చదివించేవాడు. కర్ర ఎంత వేగంగా పడితే మా నోరు అంతే వేగంగా నడవాలి, గింజంత ఎక్కువ కాదు, తక్కువ కాదు.

“గ్రైండ్, గ్రౌండ్, గ్రౌండ్. నూరు, నూరెను, నూరబడిన. మా అమ్మ పసుపు నూరింది.” ఎవరైనా ‘గ్రైండెడ్’ అన్నారంటే సారు మొహం పంటి కింద రాయి పడ్డట్టు అయ్యేది.

“రెండో రూపం ఒక్కతే నడుస్తది. మూడోది ఒక్కతే నడువది బిడ్డా, దానికి చెయ్యి పట్టుకునే తోడు కావాలె. హ్యాజ్, హ్యావ్, హ్యాడ్, ఏదో ఒకటి ముందల ఉండాలె” అనేవాడు.

ఒకరోజు ‘ఫర్‌సేక్’ అనే క్రియ వచ్చింది. ఫర్‌సేక్, ఫర్‌సుక్, ఫర్‌సేకెన్. విడిచిపెట్టు అని అర్థం చెప్పాడు. నేను లేచి నిలబడ్డాను.

“లీవ్ ఉన్నది గద సార్, మల్ల గిది ఎందుకు?”

సారు కర్ర కింద పెట్టాడు. “లీవ్ అంటే దేన్నన్న ఇడిసిపెట్టచ్చు బిడ్డా. ఇల్లు, ఊరు, పని, మనిషి. ఫర్‌సేక్ గట్ల కాదు. నిన్ను నమ్ముకొని నీ మీద ఆధారపడ్డోళ్ళను ఆపదల ఇడిసిపెట్టుడు. గందుకే రోజూ అక్కర పడని మాట. అక్కర పడకుంటనే మంచిది.” తర్వాత రెండు వాక్యాలు రాయించాడు. వాడు తన మిత్రుణ్ణి విడిచిపెట్టెను, అక్కడ ఫర్‌సుక్. వాడు విడువబడి ఉండెను, అక్కడ ఫర్‌సేకెన్. ఆ పీరియడ్ అంతా దానికే పోయింది. వెనక బెంచీలో ఎవరో ఆవలించారు, నేను నవ్వాను.

పసుపు కాలంలో సగం తరగతి బడికి వచ్చేది కాదు. నా దోస్తు మధ్యాహ్నం దాకా బడిలో ఉండి, తర్వాత అవ్వ ఎక్కడ కడాయి చూస్తుంటే అక్కడికి పోయేది. రాయి పక్కన కూర్చుని ఆ పట్టిక మొదటి నుంచి చివరిదాకా పైకి చదివేది. చదివి, మళ్ళీ మొదలుపెట్టేది. పనివాళ్ళకు అదొక పాటలా అలవాటైపోయింది. మా బాపు నన్ను దెప్పడానికి దాన్నే చూపించేవాడు.

“గా పిల్లను చూసి నేర్చుకో. పొయ్యి కాడ గూడ పుస్తకం ఇడువది.”

నాకు ఒళ్ళు మండేది. ఆ మంట మీదే ఒక వెధవ పని చేశాను. పోచంపాడ్ నుంచి చేపలు తెచ్చేవాళ్ళు మా వాడకు ఎండుచేపలు కూడా తెచ్చేవారు. కడాయవ్వ తన కప్పుకునే దుప్పటిని మడిచి రాయి మీద వేసుకుని కూర్చునేది. కంపు కొట్టే ఎండుచేప ఒకటి తెచ్చి ఆ మడతలో పెట్టాను. ఆమె ముక్కు మూసుకుని గంతులేస్తుంటే చూసి నవ్వాలని నా ఆశ. పనివాళ్ళు ఒకరి తర్వాత ఒకరు ముక్కు చిట్లిస్తూ దూరం జరుగుతున్నారు. పిల్లి ఒకటి వచ్చి ఆమె చుట్టూ తిరగడం మొదలుపెట్టింది. కడాయవ్వ మాత్రం దాని మీదే కూర్చుని, ఎవరి కోడలో అత్తతో పడ్డ పంచాయితీ గురించి తీరుబడిగా చెప్తోంది.

నా దోస్తు మొహం పాలిపోయింది. గబుక్కున లేచి ఆ చేప తీసి అవతల పారేసి, నా రెక్క పట్టుకుని గడ్డివాము చాటుకు లాక్కుపోయింది.

“ఎవలకు చెప్పకే. నీ కాళ్ళు మొక్కుత. మా అవ్వకు వాసన తెల్వది” అంది.

నాకు అర్థం కాలేదు. “తెల్వకుంటే కడాయి ఎట్ల దించుమంటది?”

“పొగకు ముక్కు పోయింది. రెండేండ్లాయె. నేను చదువుతున్న గద, గదే లెక్క. పట్టిక మూడుసార్లు ఒడిసిందంటే పసుపు ఉడికినట్టు. మూడోసారి రైట్, రోట్, రిటెన్ అనంగనే అవ్వ దించుండ్రి అంటది.”

 ఊరంతా ఎవరి ముక్కును నమ్ముకుని ఏడాది పంటను కడాయిలో పోస్తోందో, ఆ ముక్కుకు పక్కనున్న చేప కూడా తెలియదు. ఈ ఏడు మా ఊరి పసుపంతా మా సారు కర్ర దెబ్బకు ఉడుకుతోంది. పోయిన ఏడు పాటలతో చూశారట. పాట ఒకరోజు సాగుతుంది, ఒకరోజు కుదురుతుంది. సారు వచ్చాక ఈ చదువు దొరికింది, ఇది ఎప్పుడు చదివినా ఒకే తీరు. మరి గడియారం చూస్తే అయిపోదా అని అడిగాను. ఇన్నేళ్ళు లేనిది ముసలమ్మ ఇప్పుడు గడియారం అడిగితే అందరికీ అనుమానం రాదా అంది.

“తెలిస్తే అవ్వను ఎవలు పిలువరు. అవ్వకు పని లేకుంటే నాకు బడి లేదు. మా అమ్మ అప్పుడే చిన్న చాట తెచ్చి పెట్టింది” అంది.

చెప్పనని ఒట్టు వేశాను. ఆ ఒట్టు మాత్రం నిలబెట్టుకున్నాను. ఎంత బాగా నిలబెట్టుకున్నానో వింటే మీకే తెలుస్తుంది.

కొన్ని రోజులకు మా ఇంటి కడాయి వంతు వచ్చింది. ఆ పొద్దున నా దోస్తు గదవకు గుడ్డ కట్టుకుని మా వాకిట్లోకి వచ్చింది. గవదబిళ్ళలు లేచాయి, నోరు తెరవలేకపోతోంది, ఒళ్ళు కాలిపోతోంది. నోటుబుక్కు నా చేతిలో పెట్టి, చెయ్యి గట్టిగా నొక్కి, మూడు వేళ్ళు చూపించి వెళ్ళిపోయింది. అవ్వకు అప్పటికే చెప్పి పంపినట్టుంది. నేను పక్కన కూర్చుంటే, “నువ్వేనా బిడ్డా, మంచిది” అంది.

మొదటి కడాయికి నిజాయితీగా చదివాను. ఒక్క అర్థం వదలలేదు. గొంతు తడారిపోయినా ఆపలేదు. పెద్దవాళ్ళంతా నా చదువు మీద నడుస్తున్నారని లోలోపల మహా గొప్పగా ఉంది. “మన పిల్లకు గూడ బుద్ధొచ్చింది” అని బాపు ఎవరితోనో అంటుంటే విన్నాను.

కానీ ఆ రోజు అంగడి. మధ్యాహ్నం మా అమ్మ నాకు గాజులు వేయిస్తానంది. రెండో కడాయి నడుస్తుండగానే అమ్మ కొత్త చీర కట్టుకుని వాకిట్లో అటూ ఇటూ తిరుగుతోంది. పనివాళ్ళు నిప్పుల్లోంచి గెనుసుగడ్డలు తీసి పంచుకుంటున్నారు, ఆ తియ్యటి వాసన. నాకు ముల్లు మీద కూర్చున్నట్టు ఉంది. రెండో కడాయికి మూడోసారి చదివేటప్పుడు వాక్యాలు వదిలేసి ఒట్టి రూపాలే చదివాను. ఏమీ కాలేదు. ఎవరూ ఏమీ అనలేదు. అవ్వ “దించుండ్రి” అంది, దించారు.

మూడో కడాయి ఎక్కించేసరికి అమ్మ పిలవనే పిలిచింది. “అయిందా? గాజులాయన పోతడే.” నేను రెండుసార్లు ఎలాగో ముగించాను. మూడోసారి ‘ఫర్‌గెట్’ దాకా వచ్చి, ‘ఫర్‌సేక్’ ఉన్న పుట దగ్గర మూడు నాలుగు పుటలు ఒక్కసారే తిప్పేసి ‘స్వీప్’ దగ్గర తేలాను. స్వీప్, స్విమ్, టేక్, టీచ్, గబగబా పోయి “రైట్, రోట్, రిటెన్” అన్నాను.

కడాయవ్వ ఒకసారి పొయ్యి వైపు చూసింది. నా వైపు తిరిగింది.

“అయిపోయిందా బిడ్డా?”

“అయిపోయింది అవ్వా.”

“జర జల్ది అయినట్టున్నది.”

“లేదవ్వా, అంత చదివిన.”

ఆమె ఇంకొంచెం సేపు నన్నే చూసింది. తర్వాత పనివాళ్ళ వైపు తిరిగి, “ఇగ దించుండ్రి” అంది. నేను నోటుబుక్కు అక్కడే పడేసి అంగడికి ఉరికాను. ఎర్ర గాజులు వేయించుకున్నాను.

ఉడికిన పసుపు పదిహేను రోజులు ఎండింది. అన్ని కడాయిలదీ ఒకే కళ్ళంలో కలిసిపోయింది. బాగా ఉడికి ఎండిన కొమ్ము విరిస్తే టప్పున మోగుతుంది, లోపలంతా ఒకే రంగు ఉంటుంది. బాపు సంచులు నింపి మార్కెట్ యార్డుకు తీసుకుపోయాడు. కొనే సేటు సంచిలో చెయ్యి పెట్టి నాలుగు కొమ్ములు తీసి విరిచాడట. రెండు టప్పుమన్నాయి, రెండింటి కడుపు తెల్లగా ఉంది. పచ్చి పసుపు కలిపావని నలుగురి ముందు అన్నాడట. ఇంటికి వచ్చిన బాపు మొహంలో నెత్తురు లేదు. కోపం కూడా లేదు. ఎప్పుడూ జరగనిది జరిగిందని మనిషి బిత్తరపోయి ఉన్నాడు.

అప్పుడే పనిమనుషుల్లో ఒకామె, మొన్న వేరేవాళ్ళ వాకిట్లో కడాయవ్వ కొంగుకు నిప్పురవ్వ పడి కమురు వాసన వస్తున్నా ఆమె కదలలేదని, తామే చూసి ఆర్పామని చెప్పింది. బాపు చాలాసేపు ఆలోచించి కడాయవ్వను పిలిపించాడు.

ఆ మధ్యాహ్నం ఆమె మా వాకిట్లోకి వచ్చింది. బాపు అరవలేదు. కడాయవ్వను అరుగు మీద కూర్చోబెట్టి, తన రుమాలు తీసి ఆమె కళ్ళకు కట్టాడు. రెండు చెంబులు తెప్పించాడు. ఒక దాంట్లో చల్ల, ఒక దాంట్లో కిరసనాయిలు. రెండూ ఆమె మొహం ముందు పట్టాడు.

“అవ్వా, వీటిల కిరసనాయిలు ఏది?”

కిరసనాయిలు వాసన దర్వాజ దగ్గర గుంజను పట్టుకుని నిలబడ్డ నా దాకా కొడుతోంది. కడాయవ్వ ముందు దీనివైపు, తర్వాత దానివైపు మొహం తిప్పింది.  ఆమె చెయ్యి చాచి చల్ల చెంబు మీద పెట్టింది.

“గిది” అంది.

 మా అమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. బాపు చెంబులు కింద పెట్టి, తనే రుమాలు విప్పి, ఆమె పక్కన కూలబడ్డాడు.

“ఎన్ని దినాలాయె అవ్వా?”

“రెండేండ్లాయె పటేలా.”

“మరి గిన్ని దినాలు ఎట్ల చెప్పినవ్?”

 ఆమె ఒక్క మాట చెప్తే నేను అయిపోయాను. నేను ఒక్క మాట చెప్తే ఆమె నిలబడుతుంది. రెండేళ్ళలో ఊళ్ళో ఎవరి పసుపూ చెడలేదు, ఆమె లెక్క తప్పు కాదు, తప్పింది నేను, పుటలు తిప్పింది నేను. ఈ మాట తెలిసినదాన్ని ఆ వాకిట్లో నేనే ఉన్నాను. గుంజ చాటుకు జరిగాను.

కడాయవ్వ నా వైపు చూడలేదు. “అందాజకు చెప్పిన పటేలా. తప్పయింది” అంది.

లేచి, కొంగు నెత్తిన సర్దుకుని, వాకిలి దాటి వెళ్ళిపోయింది. ఆ ఏడు ఆమెను ఇంకెవరూ కడాయి దగ్గరకు పిలవలేదు, ఆ తర్వాత ఏ ఏడూ పిలవలేదు.

నా దోస్తు బడికి రావడం మానేసింది. వారం చూసి సారు నన్ను దారి చూపించమని వాళ్ళింటికి వచ్చాడు. తల్లి, కూతురు ఎదురెదురుగా చాటలు పెట్టుకుని కూర్చున్నారు. తంబాకు ఘాటుకు సారుకు తుమ్ములు వచ్చాయి. దాని గదవ వాపు తగ్గింది. ఆకు కత్తిరిస్తూ తల ఎత్తలేదు.

“మంచిగ చదివే పిల్ల అమ్మా, గీ ఒక్క ఏడన్న పంపుండ్రి” అన్నాడు సారు.

“ముసలామె పని పాయె సారూ. ఇంట్ల ముగ్గురం ఎట్ల బతకాలె?” అంది తల్లి. అవ్వ దర్వాజ దగ్గర గోడకు ఆనుకుని కూర్చుని, మేము వచ్చి పోయేదాకా వీధి వైపే చూస్తూ ఉంది.

సారు వచ్చిన దారినే తిరిగి బడికి పోయాడు. హాజరు పట్టీలో దాని పేరు మాత్రం పెద్ద పరీక్షల దాకా కొట్టెయ్యలేదు. రోజూ పిలిచేవాడు. రోజూ నా పక్కన ఖాళీ చోటు పలకకుండా ఉండేది. పట్టిక చదివేటప్పుడు ‘ఫర్‌సేక్’ దగ్గరికి వస్తే నేను పెదవులు ఆడించి ఊరుకునేదాన్ని. దాని అర్థం సారు ఎంత బాగా చెప్పాడో అప్పుడు తెలిసింది. నవ్విన నాకే తెలిసింది.

విడ్డూరం ఏమిటంటే నేను ఇంగ్లీషు టీచరునే అయ్యాను. ముప్పై ఏళ్ళు పిల్లలతో అదే పట్టిక చదివించాను. కడాయవ్వ పోయినప్పుడు చావుకు వెళ్ళలేదు. నా దోస్తు అదే సందులో ఉంది, అదే చాట ముందు కళ్ళు మసకబారేదాకా బీడీలు చుట్టింది. పెళ్ళిళ్ళలో, కూరగాయల అంగట్లో ఎదురుపడితే మంచిగున్నవా అంటే మంచిగున్న అనుకునేవాళ్ళం. ఆ మాట ఎత్తే ధైర్యం నాకు లేకపోయింది. తనకు తెలుసో తెలియదో కూడా నాకు తెలియదు. పుటలు తిప్పిన సంగతి నాకూ ఆ కడాయికీ తప్ప మూడో కంటికి తెలియదనే నమ్మకంతో బతికాను.

పప్పు పలుకైన మర్నాడు, మనవరాలు పరీక్షకు పోయాక, నేను చెప్పులు వేసుకుని నా దోస్తు ఇంటికి వెళ్ళాను.

వాకిట్లో మంచం వాల్చుకుని మెంతికూర తుంచుతోంది. నన్ను చూసి జరిగి చోటు ఇచ్చింది. కాసేపు మోకాళ్ళ నొప్పుల గురించి, మనవళ్ళ గురించి మాట్లాడుకున్నాం. తర్వాత నేను తల వంచుకుని చెప్పేశాను. ఆ రోజు చదువు మధ్యలో దాటేశానని, అవ్వ అడిగితే అబద్ధం చెప్పానని, మీ అవ్వను మోసం చేశానని.

ఆమె చేతిలో కూర తుంచడం ఆగలేదు.

“అవ్వకు తెలుసు” అంది.

“ఏం తెలుసు?”

“నువ్వు దాటేసినవని. గా సాయంత్రమే ఇంటికొచ్చి నా గదవకు పసుపు పట్టు ఏసుకుంట చెప్పింది. మూడోసారి చదువు నడిచేటప్పుడు పొయ్యిల రెండు మోపుల ఆకు పడాలెనట. ఒక్క మోపు గూడ పూర్తిగ పడలే, నీ చదువు అయిపోయింది.”

 “తెలిస్తే మరి ఎందుకు దించుమన్నది?”

ఆమె అప్పుడు తల ఎత్తి నన్ను చూసింది. ఇంత చదువు చదివిన దానివి, ఇది నీకు తెలియదా అన్నట్టు చూసింది.

“పటేలు బిడ్డవు. అయిపోయింది అన్నవు. కాలేదు, మల్ల చదువు అని అవ్వ నీతోని ఎట్లంటది? అంటే మీ బాపు అడుగడా, పిల్ల చదువుకు, కడాయికి ఏం సంబంధమని?”

 ఇన్నేళ్ళూ నేను ఒక ముసలమ్మను మాయ చేశాననుకున్నాను. అది తలుచుకునే ఏడ్చాను, అదే నా పాపమనుకున్నాను. ఆమె మోసపోలేదు. పసుపు ఉడకలేదని తెలిసి, తన బతుకు పోతోందని తెలిసి, నా గాజుల తొందర ముందు నోరెత్తే వీలు లేక దించమంది. నన్ను అంతసేపు ఎందుకు చూసిందో అప్పుడు అర్థమైంది. నాకై నేను మళ్ళీ చదువుతానేమోనని చూసింది.

“మా వాకిట్ల గా రోజు నా మాట ఎందుకు చెప్పలే మరి?” అన్నాను.

“చెప్తే ఎవలు నమ్ముదురు?” కూర చాటలో వేసి చేతులు దులుపుకుంది. “నువ్వే చెప్తవని అనుకున్నది. గా పొద్దు మీ ఇంటి నుంచి వచ్చినంక అన్నం గూడ తినలే. దర్వాజ కాడ కూసున్నది. చిన్నపిల్ల, భయపడ్డది, రేపన్న వాళ్ళ బాపుకు చెప్తది, పటేలు పిలువనంపుతడు అని మాతోటి అన్నది. మర్నాడు కూసున్నది. నువ్వు సారును తోలుకొని వచ్చినప్పుడు, చెప్పెటందుకే వచ్చినవనుకొని కొంగు సర్దుకున్నది.”

నేను ఏడ్చాను. ఆమె ఏడవలేదు, నన్ను వద్దనలేదు. లోపలికి పోయి ఛాయ్ పెట్టి తెచ్చింది. తాగాను. వేడిగా ఉందో చల్లగా ఉందో తెలియలేదు. తప్పయిందని చెప్పాను. ఆ మాటకు ఆమె, ఎండ ఎక్కుతోంది అంది.

లేచాను. వాకిలి దాకా నాతో వచ్చింది. మా వైపు ఇంటికి వచ్చిన మనిషిని ఎవరూ పొమ్మనరు. పగవాళ్ళనైనా పోయిరమ్మనే అంటారు. చెప్పులు వేసుకుంటూ ఆ ఒక్క మాట కోసం కావాలనే ఆలస్యం చేశాను.

“పైలంగ పో” అంది.

సందు మలుపు దాకా మెల్లగా నడిచాను. వెనక తలుపు గొళ్ళెం పడ్డ చప్పుడు వినిపించింది.